ఊరి గొడవలో ప్రాణం పోతే: గుంపులో ఎవరిది ఎంత నేరం?

కారంచేడులో దళితుల మీద దాడి జరిగింది 1985 జులై 17న. మంచినీళ్ల చెరువును పాడు చేయొద్దని మాదిగపల్లె వాళ్లు అడ్డు చెప్పడం దగ్గర మొదలైన మాట, మర్నాటికల్లా పల్లె మీద పడ్డ గుంపు అయింది. ఆరుగురు దళితులు చనిపోయారు. కేసు కింది కోర్టు, హైకోర్టు దాటి సుప్రీంకోర్టులో తేలేసరికి 2008 డిసెంబర్ వచ్చింది. ఒకరికి యావజ్జీవం, 29 మందికి మూడేళ్ల జైలు. అప్పట్లో పేపర్లో ఆ వార్త చదివిన చాలామంది అడిగిన ప్రశ్న ఒకటే: అందరూ కలిసి వచ్చి, కలిసి కొట్టి, కలిసి వెళ్లిపోతే ఒకడికి యావజ్జీవం, మిగతావాళ్లకు మూడేళ్లు ఎలా కుదిరింది?

దీనికి రెండు తేలిక జవాబులు జనంలో తిరుగుతుంటాయి. ఒకటి, "గుంపులో ఉంటే ఎవడు కొట్టాడో ఎవడికి తెలుసు, ఏ కేసూ నిలబడదు." రెండోది, "149 (గుంపులో అందరినీ బాధ్యులను చేసే సెక్షన్) వేశారంటే అయిపోయినట్టే, అక్కడ నిలబడ్డవాడికి కూడా జీవితఖైదే." రెండూ తప్పే. కానీ రెండూ పూర్తిగా తప్పు కాదు. చిక్కు అక్కడే ఉంది.

ముందు సెక్షన్ల నంబర్ల సంగతి చూద్దాం. 2024 జులై 1 నుంచి ఐపీసీ స్థానంలో భారతీయ న్యాయ సంహిత వచ్చింది. హత్యకు 302 ఇప్పుడు 103, హత్యాయత్నానికి 307 ఇప్పుడు 109, గుంపు బాధ్యతకు 149 ఇప్పుడు 190, ఉమ్మడి ఉద్దేశానికి 34 ఇప్పుడు 3(5). అయినా స్టేషన్లలో, కోర్టు వరండాల్లో ఇంకా "మూడొందల రెండు కేసు" అనే అంటున్నారు. అది పూర్తిగా అలవాటు వల్లే కాదు. ఆ తేదీకి ముందు జరిగిన నేరాలన్నీ పాత చట్టం కిందే విచారణలో ఉన్నాయి, చాలా ఏళ్లు ఉంటాయి కూడా. ఈ వ్యాసంలో మనం చూసే విషయాల్లో చాలావరకు సూత్రం మారలేదు, నంబరే మారింది.

చట్టానికి 'గుంపు' అనే ముద్దాయి లేడు. బోనులో ఏ1, ఏ2, ఏ3 అని ఒక్కొక్క మనిషే నిలబడతాడు. మరి ఒకడు వేసిన వేటుకు పక్కవాడు ఎలా జవాబుదారీ అవుతాడు? దానికి ముఖ్యంగా రెండు దారులు ఉన్నాయి. ఒకటి 3(5), అంటే పాత 34. ఇద్దరున్నా చాలు, కానీ ఆ పని చేయాలన్న ఉద్దేశం ఇద్దరికీ కలిసి ఉండాలి, ఆ పనిలో ఏదో ఒక పాత్ర ఉండాలి. ఒకడు చేతులు పట్టుకున్నాడు, ఇంకొకడు పొడిచాడు. ఇద్దరూ హంతకులే. రెండోది 190, అంటే పాత 149. దీనికి కనీసం ఐదుగురు కావాలి. వాళ్లందరికీ చట్టం ఒప్పుకోని ఒక లక్ష్యం ఉండాలి: నేరం చేయడం, బలప్రయోగంతో ఆస్తిని స్వాధీనం చేసుకోవడం, ఒకరి దారినీ నీటినీ ఆపడం, బెదిరించి ఒక పని చేయించడం లాంటివి. అప్పుడు ఆ గుంపులో ఎవరు ఏ నేరం చేసినా, ఆ క్షణంలో గుంపులో సభ్యుడిగా ఉన్న ప్రతి ఒక్కరూ ఆ నేరం చేసినట్టే లెక్క. చేత్తో కొట్టాడని చూపించక్కర్లేదు.

ఊరి తగాదాల్లో పోలీసులు ఎక్కువగా 190నే వాడటానికి కారణం ఇదే. నలభై మంది కర్రలతో పడితే ఏ దెబ్బ ఎవరిదో చెప్పగల సాక్షి ఉండడు. పోస్టుమార్టం రిపోర్టులో తలకు మూడు గాయాలు, వీపుకు ఏడు గాయాలు అని ఉంటుంది. ఫలానా గాయం ఫలానా కర్రదని డాక్టరు చెప్పలేడు. 190 ఉంటే చెప్పాల్సిన అవసరం లేదు. అందుకే డిఫెన్స్ లాయరు మొదట గురిపెట్టేది కూడా దాని మీదే. అది పడిపోతే ప్రాసిక్యూషన్ ఒక్కొక్క ముద్దాయికీ ఒక్కొక్క దెబ్బను అంటగట్టాల్సి వస్తుంది. సగం కేసులు అక్కడే ఆగిపోతాయి.

ఆ సెక్షన్‌లో రెండు భాగాలున్నాయి. గుంపు లక్ష్యమే చంపడం అయితే చర్చే లేదు. లక్ష్యం వేరే అయినా, ఈ పనిలో దిగితే ఒక ప్రాణం పోవచ్చని సభ్యులకు తెలిసి ఉంటే కూడా హత్యకు బాధ్యులే. పల్లె కేసుల్లో ఎక్కువగా నలిగేది ఈ రెండో భాగమే. ఎందుకంటే "చంపుదాం రండి" అని ఎవరూ టముకు వేయరు. "పొలం దున్నేద్దాం రండి", "వాడికి బుద్ధి చెబుదాం రండి" అని పిలుస్తారు.

దీనికి పాఠ్యపుస్తకం లాంటి కేసు ఒకటి ఉంది. 1950ల చివర్లో ఉత్తరప్రదేశ్ నుంచి సుప్రీంకోర్టుకు వెళ్లిన మిజాజీ కేసు. ఒక పొలం మీద తగాదా. ఒక వర్గానికి చెందిన ఐదుగురు పొద్దున్నే నాగలి, ఎడ్లతో వచ్చి దున్నడం మొదలుపెట్టారు. ఒకరి దగ్గర బల్లెం, ముగ్గురి దగ్గర కర్రలు, ఒకరి ధోవతి మడతలో పిస్తోలు. అవతలివాళ్లు వచ్చి అడ్డుకున్నారు, మాటామాటా పెరిగింది. తండ్రి "కాల్చు" అన్నాడు, కొడుకు కాల్చాడు, ఒకరు చనిపోయారు. పిస్తోలు ఉన్నట్టు మాకు తెలియదు, మేం దున్నడానికే వచ్చామని మిగతావాళ్లు వాదించారు. కోర్టు ఒప్పుకోలేదు. ఎలాగైనా స్వాధీనం చేసుకోవాలని ఆయుధాలతో బయల్దేరిన వాళ్లకు, అవసరమైతే ఎంతవరకు పోవాల్సి వస్తుందో తెలుసు అంది. ఐదుగురూ హత్య నేరానికి బాధ్యులయ్యారు.

దీనికి పక్కనే 1956లో మైసూరు రాష్ట్రం నుంచి వచ్చిన ఇంకో కేసు పెట్టి చూడాలి. పెద్ద గుంపు ఇంటి మీద పడింది, ప్రాణాలు పోయాయి. కానీ గుంపు ఉమ్మడి లక్ష్యం బుద్ధి చెప్పడం వరకేనని హైకోర్టే తేల్చింది. అలాంటప్పుడు చంపుతారని మిగతావాళ్లకు తెలుసని వేరే సాక్ష్యం ఉండాలి కదా అని సుప్రీంకోర్టు అడిగింది. అది లేకపోయేసరికి 149 ద్వారా పడ్డ హత్య శిక్ష నిలవలేదు. మొదటి కేసులో వచ్చింది ఐదుగురే, రెండోదాంట్లో పెద్ద గుంపు. తేడా మందిలో లేదు. వాళ్లేం తెచ్చుకున్నారు, ఎలా వచ్చారు, ముందు ఏం మాట్లాడుకున్నారు అన్నదే తేడా. చేతిలో ఉన్న వస్తువుకు కోర్టు ఇచ్చే విలువ చాలా ఎక్కువ. వేటకొడవలి పట్టుకుని వెళ్లినవాడు "మాట్లాడదామని వెళ్లాను" అంటే ఏ జడ్జీ నమ్మడు. పొలం పని నుంచి లేచి వచ్చినవాడి చేతిలో పార ఉండటం వేరు సంగతి.

కొట్లాట, మారణాయుధాలతో కొట్లాట అన్నవి వేరే నేరాలు. పాత చట్టంలో ఆయుధంతో కొట్లాటకు గరిష్ఠ శిక్ష మూడేళ్లు, కొత్త చట్టంలో ఐదేళ్లు. గుంపులో ఉన్నాడని రుజువై, హత్య వరకు లక్ష్యం పంచుకున్నాడని రుజువు కాకపోతే శిక్ష ఆ స్థాయిలో ఆగుతుంది. ఒకే దాడికి ఒకరికి జీవితఖైదు, ఇంకొకరికి కొద్దికాలం జైలు పడటం చట్టంలోని లోపం వల్ల కాదు. ఎవరి మీద ఏది రుజువైందన్న దాన్ని బట్టి.

మరి ఊరికే చూడటానికి వచ్చినవాడి సంగతి? పల్లెలో అరుపులు వినబడితే ఇంట్లో కూర్చునేవాళ్లు తక్కువ. ఆపడానికి వచ్చిన పెద్దమనిషి, ఫోన్ పట్టుకుని వీడియో తీసే కుర్రాడు, తమ్ముడిని లాక్కుపోదామని వచ్చిన అన్న, అందరూ అక్కడే ఉంటారు. అక్కడ ఉన్నంత మాత్రాన గుంపులో సభ్యుడు కాడని 1956లో ఒక తీర్పులో సుప్రీంకోర్టు చెప్పింది. దాన్ని పట్టుకుని "చేయి వేయలేదు కాబట్టి సభ్యుడు కాడు" అని వాదించడం మొదలైంది. 1964లో మసాల్టీ కేసులో కోర్టు ఆ వాదనను సరిదిద్దింది. చెయ్యి వేయాల్సిన పని లేదు, గుంపు లక్ష్యం నీ లక్ష్యమై నువ్వు అందులో ఉంటే చాలు. కుతూహలంతో ఆగినవాడు మాత్రం వేరు. గీత ఎక్కడ గీస్తారు? గుంపుతో కలిసి వచ్చాడా, దారికి అడ్డంగా నిలబడ్డాడా, తలుపు తన్నాడా, "వదలొద్దు" అని అరిచాడా, పని అయ్యాక వాళ్లతోనే వెళ్లాడా. ఇలాంటి చిన్న చిన్న సంగతులే తేలుస్తాయి.

సమయం కూడా చూడాలి. సెక్షన్ మాటల్లోనే ఉంది: ఆ నేరం జరిగే సమయానికి సభ్యుడై ఉండాలి. ఊరి మొదట్లో గుంపుతో నడిచి, గొడ్డళ్లు చూసి భయపడి వెనక్కి పోయినవాడిని హత్యకు బాధ్యుడిని చేయలేరు. అంతా అయిపోయాక చేరి గడ్డివాము తగలబెట్టినవాడు ఆ తగలబెట్టిన నేరానికే బాధ్యుడు.

రాకుండా నడిపించినవాడు తప్పించుకుంటాడా? ఫ్యాక్షన్ ఊళ్లలో అందరూ చెప్పే మాట ఇది: అసలువాడు ఆ రోజు జిల్లాలోనే ఉండడు, ఏ కల్యాణమండపంలోనో పది మంది మధ్య ఫొటో దిగుతుంటాడు. అలాంటివాడికి 190 వర్తించదు, అక్కడ లేడు కాబట్టి. కుట్ర, ప్రేరేపణ సెక్షన్లు వాడాలి. వాటికి ముందురోజు సమావేశం, ఫోన్ కాల్స్, డబ్బు, బండి ఎవరిది అన్న సాక్ష్యం కావాలి. తీరిక లేని దర్యాప్తులో మొదట జారిపోయేది ఇదే. చట్టంలో ఒక వింత కూడా ఉంది. భూమి తగాదాలో ఎవరి మేలు కోసం కొట్లాట జరిగిందో ఆ భూమి యజమాని, లేదా అక్కడ హక్కు ఉందని చెప్పుకునేవాడు, గొడవ జరగబోతోందని తెలిసీ ఆపడానికి తాను చేయగలిగింది చేయకపోతే శిక్షార్హుడు. బ్రిటిష్ కాలం నుంచి ఉన్న నియమం, కొత్త చట్టంలో 193గా కొనసాగింది. శిక్ష జరిమానా మాత్రమే. వినడానికి బాగుంది గానీ, ఏ రైతునైనా అది ఆపుతుందని నేననుకోను.

తర్వాతి ప్రశ్న, ఆ చావు చట్టం దృష్టిలో హత్యేనా? ప్రతి చావూ 103 కాదు. గట్టు మీద మాటామాటా వచ్చి, చేతిలో ఉన్న కర్రతో ఒక్క దెబ్బ వేస్తే, మూడో రోజు గుంటూరు ఆసుపత్రిలోనో కర్నూలు ఆసుపత్రిలోనో మనిషి పోతే, అది తరచుగా హత్య కాని నరవధ కిందకు వస్తుంది. పాత 304, ఇప్పటి 105. ముందస్తు ఆలోచన లేకుండా, హఠాత్తుగా వచ్చిన కొట్లాటలో, ఆవేశంలో, అవతలివాడి నిస్సహాయతను వాడుకోకుండా, క్రూరంగా ప్రవర్తించకుండా ఉంటే ఆ మినహాయింపు దొరుకుతుంది. ఈ షరతులన్నీ కలిసి ఉండాలి. కిందపడ్డవాడిని చుట్టుముట్టి కొడితే అది పోయినట్టే. శిక్షలో తేడా పెద్దది. హత్యకు మరణశిక్ష లేదా యావజ్జీవం, అంతకు తక్కువ లేదు. 105లో మనిషికి ఉన్న ఉద్దేశాన్ని బట్టి, తెలివిడిని బట్టి యావజ్జీవం నుంచి పదేళ్లలోపు వరకు ఉంటుంది. చంపాలన్న ఉద్దేశం లేకపోయినా, వేసిన గాయం మామూలుగా ప్రాణం తీసేంతటిదై, ఆ గాయాన్నే కావాలని వేసి ఉంటే అది హత్యేనని 1958లో విర్సా సింగ్ కేసు చెప్పింది. అక్కడ ఉన్నది కడుపులో దిగిన ఒకే ఒక్క బల్లెం పోటు. కాబట్టి "ఒక్క దెబ్బే కదా" అన్న వాదన పోతే పోయింది, నిలిస్తే నిలిచింది.

ఇక్కడ పోలీసుల దగ్గర జరిగే ఒక పని చాలా కుటుంబాలకు అర్థం కాదు. మొదట 109 కింద, అంటే హత్యాయత్నంగా, ఎఫ్‌ఐఆర్ ఉంటుంది. మనిషి చనిపోయాక సెక్షన్లు మారుస్తూ కోర్టుకు మెమో పంపుతారు. బెయిల్ మీద బయట ఉన్నవాళ్లు మళ్లీ లోపలికి వెళ్లాల్సి రావచ్చు. ఆ మధ్య రోజుల్లో ఆసుపత్రిలో మెజిస్ట్రేటు తీసుకున్న వాంగ్మూలం మరణ వాంగ్మూలంగా మారి, కేసులో అన్నిటికంటే గట్టి సాక్ష్యం అవుతుంది. తీసుకోకపోతే ఆ అవకాశం మళ్లీ రాదు.

కొట్లాటలో రెండు వైపులా దెబ్బలు తగలడం మామూలే. వెంటనే కౌంటర్ కేసు పడుతుంది. ఆత్మరక్షణ అన్న మాట అప్పుడే పైకి వస్తుంది. తన ప్రాణానికో, తీవ్ర గాయానికో నిజమైన భయం ఉంటే ఎదుటివాడిని చంపేవరకు హక్కు ఉంది. ఆస్తి కోసం చంపే హక్కు మాత్రం చాలా ఇరుకు: దోపిడీ, రాత్రిపూట ఇంట్లో చొరబాటు, ఉంటున్న ఇంటికి నిప్పు పెట్టడం లాంటివి. గట్టు జరిపాడని, పైరు కోశాడని చంపే హక్కు లేదు. అలాగని భూమి వదిలేసి పోలీసుల దగ్గరకు పరిగెత్తాలా? స్థిరంగా అనుభవంలో ఉన్నవాడు, ఆ అనుభవాన్ని బలవంతంగా లాక్కోవడానికి వచ్చినవాళ్లను తగినంత బలంతో అడ్డుకోవచ్చని సుప్రీంకోర్టు 1960ల నుంచీ చెబుతూ వస్తోంది. నిన్న రాత్రి దూరి ఈ రోజు "నా అనుభవం" అనేవాడికి అది వర్తించదు. రెండు వర్గాలూ ముందే సిద్ధపడి తలపడితే ఎవరికీ ఆత్మరక్షణ లేదు. అప్పుడు ఉమ్మడి లక్ష్యం కూడా నిలవదు, ఎవరు వేసిన దెబ్బకు వాళ్లే బాధ్యులు. ముద్దాయిల ఒంటి మీద ఉన్న పెద్ద గాయాల గురించి ప్రాసిక్యూషన్ ఏమీ చెప్పకపోతే, సాక్షులు ఏదో దాస్తున్నారని కోర్టు అనుకోవచ్చు. అందుకే కేసు, కౌంటర్ కేసు రెంటినీ ఒకే జడ్జి, ఒకదాని వెంట ఒకటి విని, ఒక కేసు సాక్ష్యం ఇంకో కేసులో కలపకుండా తీర్పు ఇవ్వాలని 1990లో సుప్రీంకోర్టు చెప్పింది.

నా లెక్కలో వీటన్నిటికంటే పెద్ద సమస్య సెక్షన్లలో లేదు. ఎఫ్‌ఐఆర్ మీద ఉండే పేర్ల పట్టికలో ఉంది.

దాడి అయిన రాత్రి స్టేషన్‌లో ఏం జరుగుతుందో ఊహించండి. చనిపోయినవాడి అన్న కూర్చుని చెబుతుంటాడు, రైటర్ రాస్తుంటాడు. చుట్టూ బంధువులు, వర్గం నాయకుడు, ఒక లాయరు గుమాస్తా. నిజంగా చూసిన ఎనిమిది పేర్లు వస్తాయి. తర్వాత ఎవరో అంటారు, "వాడి తమ్ముడిని వదిలేస్తావా? రేపు వాడే పైరవీ చేస్తాడు." పేరు చేరుతుంది. సర్పంచ్ ఎన్నికల్లో వ్యతిరేకంగా చేసినవాడు, హైదరాబాద్‌లో ఉద్యోగం చేసుకునే కొడుకు, డెబ్బై ఏళ్ల తండ్రి, కేసుకు డబ్బు పెట్టగలడనుకునే బావమరిది, ఒక్కొక్కరే చేరతారు. తెల్లారేసరికి ఏ1 నుంచి ఏ38. 149 ఉంది కదా, చేయి వేశాడని చూపక్కర్లేదు కదా అన్న ధైర్యం. తీరా విచారణలో ఏ17 ఆ రోజు ఆఫీసులో ఉన్నట్టు రిజిస్టరు చూపిస్తుంది, ఏ29 డయాలసిస్ మీద ఉన్నాడు. ఒక్క అబద్ధం బయటపడితే డిఫెన్స్ లాయరు మిగిలిన ముప్పై ఆరు మంది గురించి చెప్పిన నిజాన్ని కూడా అదే తక్కెడలో తూయమంటాడు. మన చట్టంలో "ఒకటి అబద్ధమైతే అన్నీ అబద్ధమే" అన్న నియమం లేదు, కోర్టు గింజను పొట్టు నుంచి వేరు చేయాలి. కానీ గింజకన్నా పొట్టు ఎక్కువైనప్పుడు కోర్టు చేతులెత్తేస్తుంది.

ఈ రోగం కోర్టులకు ఎప్పటి నుంచో తెలుసు. మసాల్టీ కేసు మూలం కూడా ఉత్తరప్రదేశ్‌లోని ఒక పల్లెలో రెండు వర్గాల పగే. 1961లో ఐదుగురు హతమయ్యారు, పదుల సంఖ్యలో ముద్దాయిలు. ఒక ముద్దాయి పేరు కనీసం నలుగురు నమ్మదగ్గ సాక్షులు చెబితేనే శిక్ష నిలుపుతానని హైకోర్టు ఒక లెక్క పెట్టుకుంది. అది యాంత్రికంగా కనిపించొచ్చు గానీ అర్థం లేనిది కాదని సుప్రీంకోర్టు అంగీకరించింది. అప్పటి నుంచి పెద్ద గుంపుల కేసుల్లో ఇద్దరు ముగ్గురు సాక్షుల నోట ఒకే తీరుగా పేరు రావాలన్న జాగ్రత్త స్థిరపడింది. మామూలుగా మన చట్టంలో ఒక్క సాక్షి చాలు, సాక్షుల సంఖ్యకు నియమం లేదు. గుంపు కేసుల్లో అమాయకుడు ఇరుక్కోకుండా పెట్టుకున్న అదనపు జల్లెడ ఇది. ఈ జల్లెడలోంచి నిజమైన దోషి కూడా జారిపోతాడు, ఆ సంగతి దాచాల్సిన పని లేదు. అదే తీర్పులో ఇంకో మాట కూడా ఉంది: 149 కింద దోషి అయినవాడికి, స్వయంగా చంపలేదన్న ఒక్క కారణంతో మరణశిక్ష వేయకూడదన్న నియమం లేదు.

చుండూరు ఈ కష్టాన్ని మన కళ్లముందే పెట్టింది. 1991 ఆగస్టు 6న అప్పటి గుంటూరు జిల్లా చుండూరులో ఎనిమిది మంది దళితులను వెంటాడి చంపారు. సినిమా హాల్లో కాలు తగిలిందన్న గొడవ దాని ముందు మెట్టు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద ఘటన జరిగిన ఊళ్లోనే ప్రత్యేక కోర్టు పెట్టారు. 2007 జులై 31న ఆ కోర్టు 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు వేసింది. మిగతావాళ్లను వదిలేసింది. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు శిక్ష పడ్డవాళ్లందరినీ నిర్దోషులుగా విడుదల చేసింది. ఎవరు ఎప్పుడు, ఎక్కడ చనిపోయారు, దాడి చేసింది ఎవరు అన్నది ప్రాసిక్యూషన్ తిరుగులేకుండా చూపలేకపోయిందన్నది ఆ తీర్పు సారం. దాని మీద అప్పీలు సుప్రీంకోర్టుకు వెళ్లింది. ఎనిమిది మంది చనిపోయారన్నది ఎవరూ కాదనలేదు. కానీ పొలాల్లో, కాలువ గట్ల మీద ప్రాణభయంతో పరిగెత్తుతున్నవాడు గడియారం చూసి, వెంటపడినవాళ్ల ముఖాలు వరసగా గుర్తుపెట్టుకుని చెప్పాలని అడిగితే, గుంపు చేసిన హత్యల్లో ఏ సాక్షి మిగులుతాడు? ఆ తీర్పు మీద నా అభ్యంతరం ఇదే.

అదే చట్టంలో చాలామంది లాయర్లు కూడా పట్టించుకోని ఒక నియమం ఉంది. సెక్షన్ 8. ఎస్సీ, ఎస్టీల మీద ఈ చట్టం కింద నేరాన్ని గుంపుగా చేసి, ఆ నేరం భూమి గురించో ఇంకేదైనా విషయం గురించో అప్పటికే ఉన్న తగాదాకు కొనసాగింపుగా జరిగిందని రుజువైతే, ఉమ్మడి ఉద్దేశం లేదా ఉమ్మడి లక్ష్యం ఉన్నట్టు కోర్టు భావించాలి. అంటే పైన చెప్పుకున్న అతి కష్టమైన మెట్టును చట్టమే ఎక్కించేస్తుంది. లేదని చూపాల్సిన భారం ముద్దాయిల మీద పడుతుంది. 2012 జూన్ 12న అప్పటి శ్రీకాకుళం జిల్లా లక్ష్మింపేటలో ఐదుగురు దళితులు హతమైన ఘటన చూడండి. మడ్డువలస రిజర్వాయరు కోసం సేకరించిన భూముల్లో మిగిలిన భూమిని ఎవరు సాగు చేయాలన్నదే గొడవకు మూలం. సెక్షన్ 8 రాసింది సరిగ్గా ఇలాంటి తగాదాల కోసమే. అయితే ఒక సంగతి గుర్తు పెట్టుకోవాలి: సెక్షన్ 8 లక్ష్యాన్ని ఊహించమంటుంది గానీ, గుంపులో ఎవరున్నారో ఊహించమనదు. పేర్ల పట్టిక దగ్గరకు మళ్లీ రావాల్సిందే.

ఐదుగురి లెక్కలో ఇంకో మెలిక ఉంది. ఎనిమిది మంది మీద కేసు పెట్టి, ఐదుగురిని కోర్టు వదిలేస్తే ముగ్గురే మిగులుతారు. ముగ్గురితో 190 నిలుస్తుందా? గుర్తు తెలియని ఇంకొందరు కలిసి ఐదుగురికి తక్కువ కాకుండా ఉన్నారని సాక్ష్యం చెబితే నిలుస్తుంది. ఎఫ్‌ఐఆర్‌లో ఫలానా ఎనిమిది మందే అని ఉండి ఐదుగురు పోతే నిలవదు. అప్పుడు 3(5) కింద ఉమ్మడి ఉద్దేశం చూపాలి.

కొత్త చట్టంలో 103(2) వచ్చాక "ఇక గుంపు హత్యలకు వేరే సెక్షన్ ఉంది" అన్న ప్రచారం జరిగింది. 2018 జులైలో సుప్రీంకోర్టు మూకదాడుల మీద మార్గదర్శకాలు ఇస్తూ, వీటికి ప్రత్యేక నేరం ఏర్పరచమని పార్లమెంటుకు సూచించింది. అదే ఏడాది మేలో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలన్న వాట్సాప్ పుకార్లకు తెలంగాణలోనూ మనుషులు బలయ్యారు. 103(2) ఆ దారిలో వచ్చిందే. ఐదుగురు లేదా అంతకంటే ఎక్కువమంది కలిసికట్టుగా జాతి, కులం, సమాజం, లింగం, పుట్టిన చోటు, భాష, వ్యక్తిగత విశ్వాసం, లేదా అలాంటి ఇంకో కారణంతో చంపితే ప్రతి ఒక్కరికీ మరణశిక్ష లేదా యావజ్జీవం. చదివితే తెలుస్తుంది, గట్టు తగాదా, బోరు తగాదా, సర్పంచ్ ఎన్నిక పగ ఇందులో లేవు. అవి మామూలు 103(1), 190 కిందే నడుస్తాయి. శిక్ష కూడా రెండింటికీ ఒకటే. చేతబడి చేస్తోందని ముసలమ్మను కొట్టి చంపితే అది "వ్యక్తిగత విశ్వాసం" కిందకు వస్తుందా అన్నది కోర్టుల్లో తేలాల్సిన సంగతి.

ఇదంతా ప్రాణం పోయాక. పోకముందు వాడాల్సిన సెక్షన్లు కూడా స్టేషన్లో ఉన్నాయి. గొడవ చేయబోమని తహసీల్దారు ముందు పూచీ రాయించే బైండోవర్, భూమి ఎవరి అనుభవంలో ఉందో తాత్కాలికంగా తేల్చే ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేటు విచారణ, ఉద్రిక్తత ఉంటే జనం గుమిగూడకుండా నిషేధం, జనం ఇప్పటికీ అనే మాటలో 144. ఊళ్లో హత్య జరిగిన చాలా కేసుల ఫైలు తిరగేస్తే, ముందు నెలల్లో ఇచ్చిన అర్జీ ఒకటి "సివిల్ తగాదా, కోర్టుకు వెళ్లమని చెప్పి పంపాం" అన్న రాతతో కనబడుతుంది.

విచారణ దాకా వచ్చాక ఊరు వేరే పని మొదలుపెడుతుంది: రాజీ. హత్య రాజీ పడే నేరం కాదు. రెండు వర్గాలూ కలిసి హైకోర్టుకు వెళ్లి "మేం కలిసిపోయాం, కేసు కొట్టేయండి" అన్నా, హత్య లాంటి నేరాల్లో అలా కొట్టేయకూడదని సుప్రీంకోర్టు పదే పదే చెప్పింది. కాబట్టి దారి వేరు. పెద్దమనుషులు కూర్చుంటారు, ఇంత డబ్బు, ఇంత భూమి అని మాట్లాడతారు, సాక్షులు బోనెక్కి "చీకట్లో కనబడలేదు" అంటారు. దీన్నే హోస్టైల్ అవడం అంటారు. అందరూ డబ్బు కోసమే చేస్తారనుకోవడం అన్యాయం. అదే వీధిలో, అదే బోరు నీళ్ల మీద బతకాల్సినవాడు ఏడెనిమిదేళ్ల తర్వాత సాక్ష్యం చెప్పాలంటే టెన్షన్ ఉంటుంది.

హోస్టైల్ అయిన సాక్షి మాట మొత్తం పనికిరాకుండా పోదు, నమ్మదగ్గ భాగాన్ని కోర్టు తీసుకోవచ్చు. దర్యాప్తు సమయంలోనే మెజిస్ట్రేటు ముందు వాంగ్మూలం ఇప్పించి ఉంటే, తర్వాత మాట మార్చడం కష్టమవుతుంది. 2018 డిసెంబర్‌లో సుప్రీంకోర్టు సాక్షుల రక్షణ పథకానికి ఆమోదం తెలిపి, చట్టంగా వచ్చేవరకు దేశమంతా అమలు చేయమంది. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో ప్రతి రాష్ట్రం అలాంటి పథకాన్ని తేవాలని రాశారు. ఆ పథకం ప్రకారం సాక్షి లేదా అతని కుటుంబ సభ్యుడు జిల్లా జడ్జి అధ్యక్షతన ఉన్న కమిటీకి దరఖాస్తు పెట్టుకోవచ్చు. ముప్పు ఎంతుందో పోలీసుల నుంచి రిపోర్టు తెప్పించుకుని, ఇంటి దగ్గర కాపలా, కోర్టుకు తోడు, ముద్దాయిలు ఎదురుపడకుండా సాక్ష్యం చెప్పే ఏర్పాటు, అవసరమైతే వేరే చోట బస వరకు ఆ కమిటీ ఆదేశించగలదు. ఆ దరఖాస్తును పబ్లిక్ ప్రాసిక్యూటర్ ఆఫీసు ద్వారా పెట్టుకోవచ్చు. సమన్లు వచ్చేదాకా ఆగాల్సిన పని లేదు, దర్యాప్తు నడుస్తున్నప్పుడే పెట్టుకోవచ్చు.